సెప్టెంబర్ 30న ఆరెంజ్ చొక్కా ఎందుకు?

బాబు స్కూల్లో ఆరెంజ్ చొక్కా వేసి పంపమన్నారు, ఇదేం పండగ అని అడిగారు కదా. పండగ కాదండి, ఆరెంజ్ షర్ట్ డే అని, బాధతో గుర్తుచేసుకునే రోజు. కెనడాలో బ్రిటిష్ కొలంబియా రాష్ట్రంలోని ఈ సర్రేకి వచ్చిన కొత్తలో నేనూ మన ప్లేస్కూళ్ళ ఎల్లో డే లాంటిదేమో అనుకుని, దొరికిన చొక్కా వేసి పాపను పంపేశాను. 30న సెలవు కాబట్టి స్కూళ్ళలో ముందే చేస్తారు.

నా అసలు పొరపాటు ఆఫీసులో జరిగింది. కెనడా ఆదివాసీ తెగకు చెందిన సహోద్యోగి ఒకావిడ, వాళ్ళమ్మ రెసిడెన్షియల్ స్కూల్లో పెరిగిందని చెప్పింది. "అవునా, మా నాన్నగారు కూడా! సీటు రావాలంటే ఎంట్రన్స్ రాయాలి" అన్నాను గర్వంగా. మా నాన్న సర్వేల్ గురుకులంలో చదివారు. ఆవిడ ఏమీ అనలేదు. రాత్రి ఇంటికెళ్ళి చదివాక తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. మనకు ఆ మాట వినగానే బంగారు అవకాశం గుర్తొస్తుంది. ఇక్కడ అది ఆదివాసీ పిల్లల్ని ఇంటి నుంచి, భాష నుంచి విడదీయడానికి ప్రభుత్వం డబ్బులిచ్చి చర్చిలతో నడిపించిన వ్యవస్థ. దాదాపు లక్షన్నర మంది పిల్లలు వాటిలోకి వెళ్ళారు. వేలమంది తిరిగి రాలేదు. చివరి బడులు 1990లలో గానీ మూతపడలేదు.

చొక్కా కథ ఫిలిస్ వెబ్‌స్టాడ్‌ది. షుస్వాప్ అని బయటివాళ్ళు పిలిచే సెక్వెపెమ్ జాతి ఆవిడది. 1973లో, ఆరేళ్ళప్పుడు, విలియమ్స్ లేక్ దగ్గరున్న సెయింట్ జోసెఫ్స్ మిషన్ అనే రెసిడెన్షియల్ స్కూలుకు వెళ్ళింది. ఇంట్లో డబ్బుల్లేకపోయినా వాళ్ళమ్మమ్మ బజారుకు తీసుకెళ్ళి తనకు నచ్చిన చొక్కా కొనిపెట్టింది. మెరిసే ఆరెంజ్ రంగు. మొదటి రోజే బట్టలన్నీ విప్పించి తీసుకున్నారు. ఆ చొక్కా మళ్ళీ కనబడలేదు. ఆ అమ్మమ్మ, అమ్మ కూడా అలాంటి బడిలోనే పెరిగినవాళ్ళు!

2013లో ఆవిడ ఈ కథ నలుగురిలో చెప్పడంతో ఆరెంజ్ షర్ట్ డే మొదలైంది. పిల్లల్ని ఆ బడులకు తీసుకెళ్ళే కాలం కాబట్టి సెప్టెంబర్ నెల. ఈ బడుల్లో జరిగినదాన్ని విచారించిన ట్రూత్ అండ్ రికన్సిలియేషన్ కమిషన్ 2015లో ఇచ్చిన 94 సూచనల్లో ఒకటి, ఇలాంటి ఒక సెలవు రోజు ఉండాలని. 2021లో ఇదే రాష్ట్రంలోని కామ్లూప్స్‌లో అలాంటి ఒక పాత బడి దగ్గర పిల్లల సమాధుల ఆనవాళ్ళ వార్త దేశాన్ని కుదిపేసింది. ఆ ఏడాదే కేంద్రం 30ని సెలవు చేసింది. బ్రిటిష్ కొలంబియాలో అందరికీ సెలవైంది మాత్రం 2023లో.

చొక్కా ఎక్కడపడితే అక్కడ కాకుండా, ఆదివాసీలు గీసిన బొమ్మతో, డబ్బు వాళ్ళకే వెళ్ళేలా కొనండి. అన్నట్టు, మనవాళ్ళు అలవాటుగా "రెడ్ ఇండియన్స్" అంటుంటారు, ఆ మాట ఇక్కడ అనకండి.

బాబుకి ఆరేళ్ళన్నారు. సమాధుల సంగతి ఇప్పుడే వద్దు. అమ్మమ్మ కొనిచ్చిన చొక్కా లాగేసుకున్నారని చెప్పండి చాలు. మా పాప అంతమాత్రం వినగానే "మరి తిరిగి ఇచ్చారా?" అని అడిగింది.