లింకన్ జీవితం రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నువ్వు పంపిన నాలుగు చాప్టర్లూ రెండేసి సార్లు చదివాను. కెంటకీలో కొయ్యదుంగల ఇంట్లో పుట్టడం, తొమ్మిదేళ్లకే తల్లి పోవడం, న్యూ సేలంలో పెట్టిన కొట్టు మునిగి అప్పులు మెడకి చుట్టుకోవడం, అన్నీ చక్కగా వచ్చాయి. కానీ 1837లో అరువు గుర్రం మీద స్ప్రింగ్‌ఫీల్డ్‌కి వచ్చిన కుర్ర లాయరు నీ పుస్తకంలో పేజీ తిప్పేసరికి 1860 ప్రెసిడెంట్ ఎలక్షన్లో నిలబడి ఉన్నాడు. మధ్యలో ఇరవై మూడేళ్లు ఏమైపోయాయిరా? అసలు మనిషి తయారైందే అక్కడ కదా.

ఇంకోటి, ఆ హెడ్‌మాస్టరుకి లింకన్ రాసిన లెటర్ అని మన స్కూళ్ల గోడల మీద ఫ్రేము కట్టి పెడతారు చూడు, నువ్వు కూడా మొదటి పేజీలో పెట్టావు, అది లింకన్ రాశాడనడానికి ఏ ఆధారమూ లేదు, తీసెయ్. ఎంత బాగున్నా సరే తీసెయ్.

ఆ ఇరవై మూడేళ్లూ రాయాలంటే సర్క్యూట్ నుంచి మొదలుపెట్టు. అప్పట్లో ఇల్లినాయ్‌లో కోర్టే ఊరూరా తిరిగేది, ఎయిత్ సర్క్యూట్ అంటే ఒక దశలో 14 కౌంటీలు, జడ్జీ లాయర్లూ కలిసి గుర్రాల మీదా బగ్గీల్లోనూ బురదలో పడి వెళ్లేవాళ్లు, దిగిన ఊళ్లోనే కక్షిదారుని కలిసి అక్కడికక్కడే కాగితాలు రాసుకుని మర్నాడు వాదించేవాళ్లు, రాత్రికి సత్రంలో ఒక్కో మంచం మీద ఇద్దరేసి పడుకునేవాళ్లు. జడ్జి డేవిడ్ డేవిస్ భారీ మనిషి, ఆయనకి మాత్రం సెపరేట్ మంచం. లింకన్ తన కాగితాలు పొడుగు టోపీలో దోపుకునేవాడు. ఇదంతా ఊరికే రంగు కోసం చెప్పట్లేదు, 1860లో చికాగోలో పార్టీ నామినేషన్ కోసం రాత్రీ పగలూ తిరిగి మద్దతు కూడగట్టింది ఆ డేవిస్సే, ఆయన పక్కనున్న వాళ్లలో చాలామంది ఆ సర్క్యూట్ లాయర్లే. రాజకీయం ఎక్కణ్ణుంచో ఊడిపడలేదు, ఆ సత్రాల్లోంచే వచ్చింది.

డఫ్ ఆర్మ్‌స్ట్రాంగ్ కేసు నువ్వు రెండు లైన్లలో తేల్చేశావు, దాన్ని సీన్‌గా రాయి. 1858 మే, బియర్డ్స్‌టౌన్ కోర్టు. రాత్రి పదకొండు గంటలప్పుడు వెన్నెల్లో హత్య కళ్లారా చూశానన్నాడు సాక్షి. లింకన్ తొందరపడలేదు, చంద్రుడు ఎక్కడున్నాడు, ఎంత వెలుగుంది, అని మళ్లీ మళ్లీ అడిగి అతని నోటితోనే గట్టిగా చెప్పించాడు, అప్పుడు పంచాంగం తీశాడు. ఆ టైముకి చంద్రుడు అస్తమించే వేళకి దగ్గరపడ్డాడు. డఫ్ బయటపడ్డాడు. ఫీజు తీసుకోలేదు, ఎందుకంటే డఫ్ తల్లి హానా, న్యూ సేలం రోజుల్లో ఏమీ లేని లింకన్‌కి అన్నం పెట్టిన ఇల్లాలు. పంచాంగం ఒక్కటే రాసి ఊరుకుంటే ట్రిక్‌లా ఉంటుంది, హానాని కూడా రాయి.

ఇప్పుడు అసలు విషయం. మ్యాట్సన్ కేసు నీకు తెలుసు, నోట్స్‌లో ఉంది, చాప్టర్లో లేదు. కావాలనే వదిలేశావని అర్థమైంది. నా మొదటి పుస్తకంలో నేనూ ఇదే పని చేశాను, మా తాలూకాలో ఒక పెద్దమనిషి జీవితం రాస్తూ కౌలు రైతుల మీద ఆయన వేసిన దావా దాచేశాను. పుస్తకం వచ్చాక ఆ రైతుల ఇంటి మనిషి ఒకాయన వచ్చి పేజీలన్నీ తిప్పి చూసి, మాట్లాడకుండా టీ తాగి వెళ్లిపోయాడు. ముప్పై ఏళ్లైనా ఆ కప్పు కింద పెట్టిన చప్పుడు నాకు గుర్తే.

1847 నాటికి కెంటకీ భూస్వామి మ్యాట్సన్, బానిసత్వం చెల్లని ఇల్లినాయ్‌లో తనకున్న పొలంలో పనికి అక్కణ్ణుంచి బానిసల్ని తెచ్చుకునేవాడు. వాళ్లలో జేన్ బ్రయంట్ అనే ఆమె, భర్త స్వేచ్ఛ ఉన్నవాడే, ఆమెనీ పిల్లల్నీ వెనక్కి పంపేస్తారని భయపడి పారిపోతే, వాళ్లు నా ఆస్తి అని మ్యాట్సన్ కోర్టుకెక్కాడు. అతని తరఫున వకాల్తా పుచ్చుకున్నది లింకన్. వీళ్లు తాత్కాలికంగా వచ్చిన వాళ్లే, ఇక్కడ స్థిరపడలేదు అని వాదించాడు. ఓడిపోయాడు, తల్లీపిల్లలకి విడుదల దొరికింది. రెండు నెలలకి లింకన్ కాంగ్రెస్‌లో కూర్చున్నాడు, 1849లో వాషింగ్టన్‌లో బానిసత్వం క్రమంగా తీసేయాలని బిల్లు డ్రాఫ్టు చేసింది కూడా ఇతనే, 1854లో కొత్త ప్రాంతాల్లోకి బానిసత్వానికి దారి తెరిచిన కాన్సాస్-నెబ్రాస్కా చట్టం వచ్చాక పియోరియాలో బానిసత్వం ఘోరమైన అన్యాయమని అంత సేపు మాట్లాడిందీ ఇతనే. ఈ రెండిటినీ ఒకే మనిషిలో పట్టుకోలేకపోతే నువ్వు రాసేది విగ్రహం అవుతుంది. వెనకేసుకుని రాకు, తిట్టకు, జరిగింది జరిగినట్టు పెట్టు.

మూడో చాప్టర్ మళ్లీ రాయి, ఈసారి కేసు తేలేదాకా వాళ్లని ఉంచిన ఇల్లినాయ్‌లోని చార్ల్స్‌టన్ జైల్లో పిల్లల్ని దగ్గర పెట్టుకుని కూర్చున్న జేన్ దగ్గర మొదలుపెట్టు. కోర్టులో అవతలి బల్ల దగ్గర లేచి నిలబడిన ఆ పొడుగాటి లాయరు ఆమె కళ్లకి ఎలా కనిపించి ఉంటాడో ముందు అది ఆలోచించు. పండక్కి ముందు పంపితే సెలవుల్లో కూర్చుని చదువుతాను.

మీ అన్నయ్య