14 మ్యాచ్‌లు ఓడి ఎన్‌సీఏఏ టోర్నీకా?
తమ్ముడూ, 2024లో నార్త్ కరోలినా స్టేట్ యూనివర్సిటీ పురుషుల బాస్కెట్‌బాల్ జట్టు 17 గెలిచి 14 ఓడింది కదా, ఎన్‌సీఏఏ టోర్నీకి (అమెరికా కాలేజీ జట్ల జాతీయ టోర్నీ) ఎలా వెళ్లిందని అడిగావు. నువ్వు చూసింది కాన్ఫరెన్స్ (కొన్ని కాలేజీల లీగ్) టోర్నీకి ముందు లెక్క. తికమకంతా అక్కడే.

ఆ ఏడాది 68 జట్లలో 32 తమ కాన్ఫరెన్స్ టోర్నీ గెలిచి నేరుగా వచ్చాయి, మిగతా 36ని కమిటీ ఎంచింది. కమిటీ దయ మీదుంటే వీళ్ల పని అంతే అనుకో. తమ కాన్ఫరెన్స్ అయిన ఏసీసీ టోర్నీలో పదో సీడ్‌గా (పదో ర్యాంకుతో) దిగి, ఐదు రోజుల్లో ఐదూ గెలిచారు. సెమీస్‌లో వర్జీనియా మీద మూడు పాయింట్లు వెనకబడి ఉండగా, ఆఖరి క్షణంలో వీళ్ల ఆటగాడు మైకేల్ ఓకానెల్ విసిరిన త్రీ (మూడు పాయింట్ల షాట్) బోర్డుకు తగిలి లోపల పడింది, స్కోరు సమం! ఓవర్‌టైమ్‌లో 73-65. ఫైనల్లో నార్త్ కరోలినా యూనివర్సిటీని (ఇది వేరే జట్టు) 84-76తో కొట్టారు, బెర్త్ ఖాయం. ఆ ఊపులోనే ఎన్‌సీఏఏ టోర్నీలో ఫైనల్ ఫోర్ (సెమీఫైనల్స్) దాకా వెళ్లి పర్డ్యూ చేతిలో ఆగారు.