మన పండు ఎక్కడికి పోతోంది, పరాయి పండు ఎందుకు వస్తోంది?

పండ్ల సాగు, ఎగుమతి, దిగుమతుల గురించి పాఠకులు పంపిన ఉత్తరాలలో ఒకే సంగతిని అడిగిన వాటిని కలిపి, ఈ సంచికలో జవాబులు ఇస్తున్నాం.

ప్రశ్న: పండ్ల దిగుబడిలో మన దేశానిది ప్రపంచంలో రెండో స్థానమని, అరటిలో, మామిడిలో మొదటి స్థానమని చదువుతుంటాం. అలాంటప్పుడు విదేశాల మార్కెట్లలో మన అరటిపండు అంతగా ఎందుకు కనబడదు? (ఒక అరటి రైతు, పులివెందుల)

జవాబు: మీరు చదివినది నిజమే. చైనా తరువాత అత్యధికంగా పండ్లు పండించేది మన దేశమే. ఏటా వచ్చే దిగుబడి 11 కోట్ల టన్నులు దాటింది. ప్రపంచంలో పండే అరటిలో దాదాపు నాలుగో వంతు ఇక్కడిదే. అయినా అరటి ఎగుమతిలో మొదటి స్థానం మనకంటే ఎంతో చిన్నదైన ఈక్వెడార్‌ది. ఆ దేశం అమ్మడానికే పండిస్తుంది, మనం ముఖ్యంగా తినడానికి పండిస్తాం. 140 కోట్ల మంది ఉన్న ఇంటి మార్కెట్ పక్కనే ఉన్నప్పుడు పండు ఓడ ఎక్కవలసిన అవసరం తక్కువ. దీన్ని వెనకబాటుగా చూడడం నాకు సబబుగా తోచదు.

అయితే ఎగుమతి చేయాలనుకున్నప్పుడు అడ్డుపడేవి వేరే ఉన్నాయి. చక్కెరకేళి, అమృతపాణి, కర్పూర వంటి మన రకాలకు రుచి ఉంది గాని, అంతర్జాతీయ వ్యాపారమంతా కావెండిష్ జాతి మీదే నడుస్తుంది; అందుకే ఆ జాతికి చెందిన టిష్యూకల్చర్ జీ-9 మొక్కలు రాయలసీమలో అంతగా విస్తరించాయి. రెండవది, కోత తరువాతి జాగ్రత్త. ఎగుమతి గెలకు తోటలోనే సంచి తొడగాలి, కోసిన గెలను నేల మీద పడేయకుండా మోయాలి, హస్తాలను విడదీసి జిగురు పోయేలా నీటిలో కడగాలి, 13 కిలోల అట్టపెట్టెలో సర్ది 13, 14 డిగ్రీల చలిలో ఉంచాలి. అంతకన్నా చల్లబడితే తొక్క నల్లబడుతుంది, వేడెక్కితే దారిలోనే పండిపోతుంది. లారీలో గెలలను ఒకదానిమీద ఒకటి పేర్చి తోలే అలవాటుతో ఈ పని సాగదు.

ఇది మన వల్ల కాని పనేమీ కాదు. 2020 జనవరిలో తాడిపత్రి నుంచి 43 శీతల కంటైనర్లతో అరటిపండ్ల రైలు ముంబయి దగ్గరి జవహర్‌లాల్ నెహ్రూ ఓడరేవుకు వెళ్లింది. ఆ సరుకు ఇరాన్ కోసం. 2023 నవంబరులో ఒక కంటైనర్ అరటిని ప్రయోగంగా సముద్రమార్గంలో నెదర్లాండ్స్‌కు పంపారు. అయినా మన అరటికి ప్రధానమైన బజారు ఇప్పటికీ గల్ఫ్, ఇరాన్, ఇరాక్ ప్రాంతమే, ఎందుకంటే అక్కడికి ఓడ కొద్ది రోజుల్లో చేరుతుంది. యూరప్‌కు నెల వరకు పట్టవచ్చు. పైగా 2023 చివరి నుంచి ఎర్రసముద్రంలో ఓడలపై దాడుల వల్ల అనేక నౌకలు ఆఫ్రికా ఖండాన్ని చుట్టి వెళ్లవలసి రావడంతో, నిలవ తక్కువైన పండ్లకు ఆ దారి మరింత దూరమైంది.

ప్రశ్న: మనం నిలకడగా యూరప్‌కు అమ్మగలిగిన పండు ఒక్కటైనా ఉందా? (ఒక విద్యార్థిని, వ్యవసాయ కళాశాల, బాపట్ల)

జవాబు: ద్రాక్ష ఉంది, దాని చరిత్రలో నేర్చుకోవలసినది చాలా ఉంది. ఒకప్పుడు హైదరాబాద్ పరిసరాలు అనాబ్-ఎ-షాహీ ద్రాక్షకు పేరుపొందాయి. ఆ తోటలు నగరం పెరిగేకొద్దీ ప్లాట్లయ్యాయి. ఎగుమతి గౌరవం నాసిక్ రైతుకు దక్కింది. దక్షిణాఫ్రికా పంట వెనకబట్టి, ఈజిప్టు పంట ఇంకా అందుకోని మార్చి, ఏప్రిల్ వారాలే వారికి యూరప్‌లో అవకాశం. ఆ కొద్ది వారాలను పట్టుకోవడానికి ఏ కొమ్మను ఎప్పుడు కత్తిరించాలన్న లెక్క అక్టోబరు నుంచే మొదలవుతుంది.

2010లో ఈ వ్యాపారం గట్టి దెబ్బ తిన్నది. తీగ ఏపుగా పెరగకుండా అదుపు చేయడానికి రైతులు వాడే క్లోర్‌మెక్వాట్ క్లోరైడ్, అంటే తోటల్లో సీసీసీ అని పిలిచే మందు, అవశేషాలు అనుమతించిన మోతాదును మించి ఉన్నాయని యూరప్‌లో మన సరుకును ఆపేశారు. వ్యవసాయ ఎగుమతులను చూసే కేంద్ర సంస్థ అపెడా నడిపే గ్రేప్‌నెట్ వ్యవస్థ అప్పటికే ఉంది, ప్రతి పెట్టె ఏ తోటదో చెప్పగలిగేది. కాని పరీక్షించవలసిన మందుల జాబితాలో ఈ మందు పేరు లేదు. తరువాత జాబితాను పెంచి, పరీక్షలను కట్టుదిట్టం చేశారు. పండులో ఏముందో తెలిసిన రైతుకు కూడా కొనేవాడు ఏం వెతుకుతాడో తెలియకపోతే ఏమవుతుందన్నది ఆ ఏడాది కనబడింది.

ప్రశ్న: అమెరికాలో ఉన్న మా అబ్బాయి చిన్న పెట్టె బంగినపల్లికి చెప్పే ధర వింటే మతిపోతుంది. తోట దగ్గర మాకు దక్కేది అందులో ఏ మూలకూ రాదు. మధ్యలో ఎవరు తింటున్నారు? (ఒక మామిడి రైతు, నూజివీడు)

జవాబు: అందరూ దళారులనే అనుకుంటారుగాని, ఈ విషయంలో ఎక్కువ భాగం విమానం తింటోంది. అమెరికా 18 సంవత్సరాల నిషేధం తరువాత 2007లో మన మామిడికి తలుపు తెరిచింది. టెంక పురుగు, పండు ఈగ తమ దేశంలోకి రాకూడదన్నది వారి పట్టుదల, అందుకని పండ్లకు కనీసం 400 గ్రే మోతాదులో రేడియేషన్ ఇవ్వాలన్న షరతు పెట్టారు. ఆ శుద్ధి అమెరికా వ్యవసాయ శాఖ అంగీకరించిన కేంద్రాలలోనే, వారి ఇన్‌స్పెక్టర్ సమక్షంలోనే జరగాలి. ఆ ఖర్చు మన ఎగుమతిదారులదే. కాబట్టి నూజివీడు పండు ముందు మహారాష్ట్రకో కర్ణాటకకో చేరి, ఆ తరువాతే విమానం ఎక్కాలి. 2025 మేలో ముంబయి దగ్గరి వాషీలో శుద్ధిచేసిన 15 సరుకులను కాగితాలలో తేడా ఉందని అమెరికా విమానాశ్రయాల్లో తిప్పికొట్టారు. తిరిగి తెచ్చుకునే ఖర్చు పండు విలువను మించుతుంది కనుక ఎగుమతిదారులు అక్కడే ధ్వంసం చేయించారు. పండులో లోపం లేదు, పత్రంలో ఉంది. అలాంటి నష్టభయం కూడా పెట్టె ధరలోనే చేరుతుంది.

అమెరికా తినే మామిడిలో పెద్దవాటా మెక్సికోది. అది వేడినీటి శుద్ధి తరువాత లారీలలో సరిహద్దు దాటుతుంది. విమానంలో వచ్చే పండు లారీ పండుతో ధరలో పోటీపడదు, రుచికి మోజుపడే మనవాళ్ల మీదే ఆధారపడాలి.

జపాన్‌కు రేడియేషన్ కాదు, ఆవిరి శుద్ధి కావాలి: పండు లోపలి గుజ్జు 47.5 డిగ్రీలకు చేరి 20 నిమిషాలు ఉండాలి. 2006లో ఆ దేశం ఒప్పుకున్న ఆరు రకాలలో బంగినపల్లి ఒకటి. యూరప్ విషయానికొస్తే, పండు ఈగలు దొరికాయని 2014 మేలో మామిడిని నిషేధించి, 2015 జనవరిలో ఎత్తివేసింది. తోటలో ఈగ ఎరలు కట్టడం, రాలిన కాయలను ఏరి పాతిపెట్టడం వంటి చిన్న పనుల విలువ ఆ ఎనిమిది నెలలు చెప్పాయి.

ప్రశ్న: 2025లో తోతాపురి ధర ఎందుకు కుప్పకూలింది? మళ్లీ అలా జరగదని ఎలా నమ్మడం? (కొందరు రైతులు, బంగారుపాళ్యం)

జవాబు: తోతాపురి ఇంటికి పోయే పండు కాదు, ఫ్యాక్టరీకి పోయే పండు. చిత్తూరు, తమిళనాడులోని కృష్ణగిరి కలిసి దేశంలో మామిడి గుజ్జు తయారీకి కేంద్రాలు. 200 కిలోలకు పైగా గుజ్జు పట్టే డ్రమ్ములలో సరుకు ఏడాది దాటినా నిలుస్తుంది, అందువల్ల రైతు కోసే పండుకు పోటీ పక్క ఊరి పండుతో కాదు, నిరుటి డ్రముతో. 2025లో ముందరి ఏడాది గుజ్జు అమ్ముడుపోక మిగిలి ఉండగానే దిగుబడి విరివిగా వచ్చింది. ఫ్యాక్టరీల ముందు ట్రాక్టర్లు రోజులకొద్దీ బారులు తీరాయి. ఫ్యాక్టరీ కిలోకు 8 రూపాయలు ఇవ్వాలని, ప్రభుత్వం మరో 4 రూపాయలు కలుపుతుందని రాష్ట్రం ప్రకటించింది. తరువాత కేంద్రం క్వింటాలుకు 1,490.73 రూపాయల ధర ప్రాతిపదికన, మార్కెట్ ధర అంతకన్నా తగ్గిన మేరకు తేడా మొత్తాన్ని 1.62 లక్షల టన్నులకు చెల్లించడానికి అంగీకరించింది. కర్ణాటక తోతాపురిని చిత్తూరు జిల్లాలోకి రానివ్వకపోవడం పొరుగు రాష్ట్రంతో తగవుకు కూడా దారితీసింది.

మళ్లీ జరగదని హామీ ఇవ్వలేం. ఫిబ్రవరి, మార్చి నెలల్లో ఫ్యాక్టరీల్లో నిలవ ఎంత ఉందో అధికారికంగా ప్రకటించే ఏర్పాటు ఉంటే, పూత సమయంలోనే మీకు అంచనా అందుతుంది. రైతు సంఘాలు మద్దతు ధరతో పాటు ఈ లెక్కను కూడా అడగాలని నా అభిప్రాయం. తోటంతా ఒకే రకం ఉన్నవారు కొంత భాగాన్ని పైకొమ్మ అంటు ద్వారా బంగినపల్లికి మార్చుకోవచ్చు. మారిన చెట్టు కాపుకు రావడానికి కొన్నేళ్లు పడుతుంది.

ప్రశ్న: కాశ్మీర్ యాపిల్ ఉండగా ఇరాన్, టర్కీ యాపిల్ ఎందుకు? పండు మీది స్టిక్కరు నాణ్యతకు గుర్తా? (ఒక గృహిణి, కూకట్‌పల్లి)

జవాబు: కాశ్మీర్, హిమాచల్ కోత వేసవి చివరి నుంచి నవంబరు వరకు. ఆ తరువాత మనం తినేది గాలిలో ఆక్సిజన్ తగ్గించి ఉంచే శీతల గిడ్డంగుల సరుకు. వేసవికి అది పలచబడే సమయానికి చిలీ, న్యూజిలాండ్, దక్షిణాఫ్రికాలలో కొత్త పంట వస్తుంది. మిగిలిన కథ సుంకాలది. చైనా యాపిల్‌ను చీడల కారణంగా 2017లో ఆపారు. అమెరికా యాపిల్ మీద 50 శాతం సుంకానికి తోడు 2019లో మరో 20 శాతం వేశారు, 2023లో తీసేశారు. ఆ నాలుగేళ్లలో వాషింగ్టన్ యాపిల్ ఖాళీచేసిన చోటును టర్కీ, ఇరాన్, ఇటలీ వంటి దేశాలు నింపాయి. ఇరాన్ సరుకు మరీ చవకగా వస్తోందని కాశ్మీర్ రైతులు మొరపెట్టుకోగా, 2023 మేలో కిలోకు 50 రూపాయలకు తక్కువ విలువ చూపే యాపిల్ దిగుమతిని భూటాన్‌కు మినహాయింపునిస్తూ నిషేధించారు.

స్టిక్కరు నాణ్యతకు గుర్తు కాదు. అందులోని నాలుగంకెల సంఖ్య దుకాణం బిల్లింగు కోసం పండు రకాన్ని చెప్పే కోడ్. అరటికి 4011 అన్నట్టు. ముందు 9 చేరి అయిదంకెలైతే సేంద్రియమని అర్థం. జిగురు కాగితాన్ని మాత్రం తీసేసి, ఆ చోటు కడిగి తినండి.

ప్రశ్న: బ్లూబెర్రీ సాగు చేస్తే ఎకరాకు లక్షలు వస్తాయని వీడియోలు చూశాను. పాలీహౌస్ వేయడానికి సిద్ధంగా ఉన్నాను. మీరేమంటారు? (ఒక యువరైతు, రంగారెడ్డి జిల్లా)

జవాబు: కాస్త ఆగమంటాను. ఈ మొక్కకు 4.5 నుంచి 5.5 మధ్య ఉదజని సూచిక (పీహెచ్) ఉన్న పుల్లని నేల కావాలి. మన నల్లరేగడిలోనూ, సున్నం కలిసిన ఎర్రనేలలోనూ అది 7, 8 దగ్గర ఉంటుంది, బోరు నీరూ అంతే. కాబట్టి నేలలో నాటడం కుదరదు. కొబ్బరిపొట్టు నింపిన సంచులలో పెట్టి, ప్రతి తడికీ నీటిలో ఆమ్లం కలిపి, నత్రజనిని అమ్మోనియం రూపంలో ఇవ్వాలి. ఒక వారం లెక్క తప్పినా ఆకు పచ్చదనం పోతుంది. పండ్లు గుత్తిలో అన్నీ ఒకసారి పండవు, మళ్లీ మళ్లీ తిరిగి చేత్తో ఏరాలి. తొక్క మీది బూడిదరంగు పొడి చెరిగితే కొనేవాడు పాతదని తోసిపుచ్చుతాడు. కోసిన కొద్ది గంటల్లో సున్నా దగ్గరికి చల్లార్చకపోతే మెత్తబడుతుంది.

ఇక మార్కెట్. 2010 నాటికి పెరూ ఈ పండును ఎగుమతి చేసినది నామమాత్రం. ఎడారి తీరానికి కాలువ నీరు తెచ్చి, చలి అంతగా అక్కర్లేని బైలాక్సీ రకంతో మొదలుపెట్టి, పదేళ్లకే ప్రపంచంలో మొదటి ఎగుమతిదారు అయింది. ఇప్పుడు ఏటా 2 లక్షల టన్నులకు పైగా పంపుతోంది. 2023లో ఎల్ నినో వేడికి అక్కడ పంట తగ్గగానే ప్రపంచమంతా ధర పెరిగింది. అంటే మీ పాలీహౌస్ పండు ధరను నిర్ణయించేది శంషాబాద్ కాదు, పెరూ తీరంలోని వాతావరణం. మన ప్రభుత్వం కూడా అమెరికాతో ఒప్పందంలో భాగంగా 2024 ఆరంభంలో తాజా బ్లూబెర్రీ సుంకాన్ని 30 శాతం నుంచి 10 శాతానికి తగ్గించింది. వీడియోలు చూపే లాభం లెక్కలు పాత సుంకం నాటివేమో ముందు చూసుకోండి.

పెరూ, చిలీ సరుకు తగ్గే ఏప్రిల్, మే నెలలకు కోత పడేలా చేయగలిగితే, హైదరాబాద్ హోటళ్లతో ముందే మాట కుదిరితే, పది గుంటలలో ప్రయత్నించవచ్చు. అప్పు చేసి ఎకరం వేయవద్దు. లంబసింగి దగ్గర స్ట్రాబెర్రీ వేసినవారు నిలదొక్కుకున్నారంటే, చలి కాలంలో పర్యాటకులు తోట దగ్గరికే వచ్చి కొనడం వల్ల. వారికి రవాణా బాధ లేదు.

ప్రశ్న: డ్రాగన్ ఫ్రూట్ ఇంకా వేయవచ్చా? (సంగారెడ్డి నుంచి పలువురు)

జవాబు: వియత్నాం పండు ఒక్కటే దొరికిన రోజుల ధర ఇప్పుడు లేదు. తెలంగాణ, గుజరాత్, మహారాష్ట్ర, కర్ణాటక తోటలన్నీ జూన్ నుంచి నవంబరు లోపే కాపుకు వస్తున్నందున వానాకాలంలో ధర పడుతుంది. ఎర్ర గుజ్జు రకానికి తెల్లదాని కన్నా గిరాకీ ఎక్కువ. రాత్రులు దీపాలు పెట్టి శీతకాలంలో పూత తెప్పించే వియత్నాం పద్ధతికి కరెంటు ఖర్చు లెక్కవేసుకోవాలి. స్తంభాలు పాతే ముందు హైదరాబాద్ శివారులోని బాటసింగారం పండ్ల మార్కెట్‌కు ఒకసారి ఆగస్టులోను, మరొకసారి ఫిబ్రవరిలోను వెళ్లి, రైతు చేతికి కమీషన్, తరుగు పోను కిలోకు ఎంత దక్కిందో చీటీ చూసి రాసుకోండి. ఆగస్టు ధరకే పెట్టుబడి తిరిగివచ్చేలా లెక్క కుదిరితే వేయండి.