పోలీస్ అకాడమీ టీవీ సీరియల్‌లో పాత సినిమా నటులు ఉన్నారా?

చివరిదాకా తోడున్నది ఒక్కరే అనుకోండి. ఈ పేరుతో 1984 నుంచి 1994 దాకా ఏడు హాలీవుడ్ కామెడీ సినిమాలొచ్చాక, 1997లో సీరియల్ మొదలై 26 ఎపిసోడ్లతో 1998లో ఆగిపోయింది. ట్రైనింగుకొచ్చే కుర్రాళ్లంతా కొత్త నటులే. పాతవాళ్లు కొందరు అతిథులుగా వచ్చి వెళ్లారు.

ఏడు సినిమాల్లోనూ ఉన్న మైకేల్ విన్‌స్లో మాత్రం జోన్స్‌గా ఇక్కడా కనిపిస్తాడు. తుపాకీ మోత, సైరన్, హెలికాప్టర్ అన్నీ నోటితోనే! మా కావలి వైపు తిరునాళ్లలో మిమిక్రీవాళ్లు మైకు పెదాలకి ఆనించి, చుట్టూ గుప్పిట మూసి రైలు కూత తీస్తారే, అచ్చం అదే విద్య. కథల్లో సినిమాలంత పట్టు లేదు గానీ, ఆయన కోసమైనా ఒకటి రెండు ఎపిసోడ్లు చూడండి.