ఎవరూ లేని లోకమే హాయిగా ఉంటోంది

ప్రశ్న: మాది మహబూబ్‌నగర్. వయసు 29. మా ఆయన పుణెలో బిల్డింగ్ పనికి పోయి పండగలకే వస్తారు. నేను ఇంట్లోనే మిషన్ కుడతాను. అత్తమ్మకు పక్షవాతం, ఇద్దరు చిన్నపిల్లలు. రాత్రి అందరూ పడుకున్నాక కళ్లు మూసుకుని మా ఊరి దగ్గరి పెద్ద మర్రిచెట్టు పిల్లలమర్రిని ఊహించుకుంటాను. అక్కడ మనిషి ఉండడు, ఆకు కదలదు, రంగు ఉండదు. ప్రాణానికి హాయిగా ఉంటుంది. ఈమధ్య పగలు కూడా అన్నీ వెలిసిపోయినట్టు కనిపిస్తున్నాయి. మొన్న ఆకుపచ్చ జాకెట్‌కు నీలం దారంతో హెమ్మింగ్ చేసేశాను. గాలి సోకిందని అత్తమ్మ అంటోంది. నాకు పిచ్చి పడుతోందా?

జవాబు: లేదమ్మా. ఊహ ఊహేనని మీకు తెలుస్తూనే ఉంది. పొద్దున లేచింది మొదలు ఎవరో ఒకరు పిలుస్తూనే ఉండే ఇంట్లో, పిలిచేవాళ్లు లేని చోటు కోసం మనసు వెతుక్కోవడంలో తప్పేముంది? ఆ ఊహను బలవంతంగా ఆపొద్దు.

నన్ను ఆలోచనలో పడేసింది ఆ నీలం దారం. నిద్ర చాలకపోయినా, టెన్షన్ నెలల తరబడి సాగినా, డిప్రెషన్ ఉన్నా చుట్టూ ఉన్నవి అద్దం అవతల ఉన్నట్టు, రంగు తగ్గినట్టు అనిపించవచ్చు. అలా అనిపించినప్పుడు చేతిలో ఉన్న గుడ్డను తడిమి చూడండి, దాని రంగు పైకి అనండి, చన్నీళ్లతో మొహం కడుక్కోండి. కాసేపటికి తేరుకుంటారు గానీ అసలు కారణం అక్కడే ఉంటుంది. అందుకే జనరల్ హాస్పిటల్‌లో మానసిక వైద్యుల ఓపీకి వెళ్లండి. థైరాయిడ్, రక్తహీనత పరీక్షలు, కంటి పరీక్ష కూడా అడగండి. మందులు రాస్తే గుణం కనిపించడానికి రెండు నుంచి నాలుగు వారాలు పడుతుంది, మధ్యలో మానకండి. మెడికల్ షాపులో అడిగి నిద్రమాత్రలు మాత్రం కొనుక్కోవద్దు.

అత్తమ్మకు ఒక మాట చెప్పండి. పిల్లలమర్రికి చెదలు పట్టినప్పుడు గాలి సోకిందని ఎవరూ అనలేదు. 2018లో సెలైన్ బాటిళ్లు కట్టి మందు ఎక్కించారు.

ఇంకొకటి, సూటిగా అడుగుతున్నాను. ఆ లోకంలో మీరు ఉంటున్నారా, మీరు కూడా లేరా? ‘నేనూ లేకపోతే బాగుండు’ అనే ఆలోచన ఒక్కసారి వచ్చినా, అదే రాత్రి 14416కి ఫోన్ చేయండి. అది మానసిక ఇబ్బందుల్లో సాయం చేసే ప్రభుత్వ టెలీ మానస్ నంబర్. ఎప్పుడు చేసినా పలుకుతారు, తెలుగులో మాట్లాడతారు, డబ్బులు పడవు.

మీ ఆయనకు ఇవేవీ తెలియవని ఉత్తరం చదివితే అర్థమవుతోంది. ఈసారి ఫోన్‌లో పైసల సంగతి అయ్యాక పెట్టేయకుండా ఆ జాకెట్ సంగతి చెప్పండి. ఓపీకి వెళ్లే రోజు అత్తమ్మ దగ్గర ఎవరుండాలో ఆయననే ఆడబిడ్డతో మాట్లాడమనండి. దసరాకు వచ్చాక చూద్దామంటే ఒప్పుకోకండి.