మిక్ మెకార్తీ ఇంగ్లాండ్‌లో పుట్టి ఐర్లాండ్‌కి ఎలా ఆడాడు?

తండ్రి ఐర్లాండ్ మనిషి కాబట్టి. ఫుట్‌బాల్‌లో దేశం తరఫున ఆడాలంటే అక్కడే పుట్టనక్కర్లేదు, ఆ దేశ పౌరసత్వం ఉండాలి. ఐర్లాండ్‌లో పుట్టినవారి పిల్లలు ఎక్కడ పుట్టినా ఐరిష్ పౌరులే. అలా బార్న్‌స్లీలో పుట్టిన ఈ డిఫెండర్ ఐర్లాండ్‌కి 57 మ్యాచ్‌లు ఆడాడు, 1990 ప్రపంచ కప్‌లో క్వార్టర్ ఫైనల్ దాకా కెప్టెన్‌గా నడిపాడు. 1996లో కోచ్ అయి 2002 ప్రపంచ కప్‌కీ తీసుకెళ్లాడు. అక్కడ స్పెయిన్ చేతిలో పెనాల్టీల్లో ఓటమి. 2018లో మళ్లీ పిలిచారు.

1988లో ఇంగ్లాండ్‌పై గెలుపు గోల్ కొట్టిన రే హౌటన్ కూడా ఇలాంటివాడే, పుట్టింది గ్లాస్గోలో.

చాలామంది మెకార్తీని 'ఇంగ్లీష్ కోచ్' అనుకుంటారు. ఆ మాట అతనికి ముందున్న జాక్ చార్ల్‌టన్‌కి సరిపోతుంది. ఆయన 1966లో ఇంగ్లాండ్‌కి ప్రపంచ కప్ గెలిచిన జట్టులో ఆడాడు మరి!