జ్వరం పోయింది, స్కాన్‌లో నిమ్ము అలాగే ఉంది... లెజియోనెల్లా తగ్గినట్టేనా?

ప్రశ్న: మా నాన్నగారికి 58 ఏళ్లు. ఏడాది క్రితం కిడ్నీ మార్పిడి జరిగింది. కొత్త కిడ్నీని శరీరం తిరస్కరించకుండా టాక్రోలిమస్, మైకోఫినోలేట్, ప్రెడ్నిసొలోన్ అనే స్టెరాయిడ్ వాడుతున్నారు. గత నెలలో జ్వరం, పొడి దగ్గు, నీళ్ల విరేచనాలతో ఆసుపత్రిలో చేర్చాం. ఎక్స్‌రే తీసి న్యుమోనియా అన్నారు. నాలుగు రోజులు ఇంజెక్షన్లు ఇచ్చినా తగ్గలేదు. లెజియోనెల్లా అనే బ్యాక్టీరియా కోసం చేసిన మూత్ర పరీక్ష నెగెటివ్ వచ్చింది. తర్వాత బ్రాంకోస్కోపీ (గొట్టం పంపి ఊపిరితిత్తుల లోపల చూసే పరీక్ష) చేసి ఊపిరితిత్తుల నుంచి తీసిన ద్రవంలో లెజియోనెల్లా ఉందని తేల్చారు. లీవోఫ్లాక్సాసిన్ అనే యాంటీబయాటిక్ మొత్తం 21 రోజులు వాడమన్నారు, ఇంకా వారం మిగిలి ఉంది. జ్వరం పోయింది. కానీ మొన్న తీసిన స్కాన్‌లో పెద్దగా మార్పు లేదు. మందు పనిచేస్తున్నట్టేనా? ఇంట్లో చిన్నపిల్లలున్నారు, వాళ్లకు అంటుకుంటుందా? నీళ్ల వల్ల వస్తుందంటున్నారు, ఇంట్లో ఏమేం మార్చాలి?
- ఓ పాఠకురాలు

జవాబు: ముందుగా పిల్లల సంగతి. ఇది మనిషి నుంచి మనిషికి అంటుకునే జబ్బు కాదు. నాన్నగారిని వేరే గదిలో పెట్టాల్సిన పనిలేదు, పిల్లలు దగ్గరికి వెళ్లొచ్చు. అయితే పిల్లలకు జలుబు, జ్వరం ఉంటే మాత్రం దూరంగా ఉంచండి. అది ఆయన మేలు కోసం.

ఇక స్కాన్. లెజియోనెల్లాలో మనిషి కోలుకునే వేగానికీ, స్కాన్ మారే వేగానికీ పొంతన ఉండదు. సరైన మందు మొదలుపెట్టాక కూడా తొలి కొద్ది రోజులు ఎక్స్‌రేలో నిమ్ము పెరిగినట్టే కనిపించడం మామూలే. అది పూర్తిగా కరగడానికి వారాలు, ఒక్కోసారి రెండు మూడు నెలలు పడుతుంది. రోగనిరోధక శక్తిని అణిచే మందులు వాడేవారిలో మరింత ఆలస్యమవుతుంది. కాబట్టి మందు పనిచేస్తోందా లేదా అన్నది జ్వరం, ఆయాసం, ఆక్సిజన్ శాతం, ఆకలి చూసి తేల్చుకోవాలి. రెండు వారాలకే స్కాన్ తీయిస్తే అనవసరమైన కంగారు తప్ప ఒరిగేదేమీ లేదు. ఇబ్బందేమీ లేకపోతే మళ్లీ ఆరు వారాల తర్వాత తీయించండి.

ఒక్క విషయంలో మాత్రం ఉపేక్ష వద్దు. పాత నిమ్ము అలాగే ఉండటం వేరు, కొత్తగా గడ్డల్లాంటి మచ్చలు గానీ, వాటి మధ్యలో గుల్లలు గానీ కనిపించడం వేరు. స్టెరాయిడ్లు వాడేవారిలో లెజియోనెల్లాయే ఇలా గుల్లలు చేయగలదు. కానీ అదే సమయంలో ఫంగస్, నోకార్డియా అనే మరో బ్యాక్టీరియా, క్షయ కూడా తోడై ఉండొచ్చు. పైగా లీవోఫ్లాక్సాసిన్ క్షయ క్రిమి మీద కూడా కొంత పనిచేస్తుంది కాబట్టి, లోపల క్షయ ఉంటే కొన్నాళ్లు అణిగి ఉండి తర్వాత బయటపడుతుంది. మందు ఆపిన కొన్ని వారాలకు సాయంత్రాలు జ్వరం, బరువు తగ్గడం మొదలైతే ఆ కోణంలోనూ పరీక్ష చేయాలి.

మొదటి నాలుగు రోజుల ఇంజెక్షన్లు ఎందుకు పనిచేయలేదంటే... న్యుమోనియా అనగానే సాధారణంగా మొదలుపెట్టే పెన్సిలిన్, సెఫలోస్పోరిన్ జాతి మందులు ఈ బ్యాక్టీరియాను తాకలేవు. మన ఊపిరితిత్తుల్లో క్రిములను మింగేసే మాక్రోఫేజ్ కణాలుంటాయి. లెజియోనెల్లా వాటి లోపలికే వెళ్లి, అక్కడ చావకుండా సంతతిని పెంచుకుంటుంది. ఆ కణాల లోపలికి చేరే మందులే కావాలి. లీవోఫ్లాక్సాసిన్, అజిత్రోమైసిన్ అలాంటివి. డాక్సీసైక్లిన్ కూడా కొంతమేర ఉపయోగపడుతుంది. ఆ మాక్రోఫేజ్‌లను మేల్కొలిపి లోపలి క్రిమిని చంపించేవి టి-కణాలు అనే రోగనిరోధక కణాలు. టాక్రోలిమస్, స్టెరాయిడ్లు సరిగ్గా ఆ టి-కణాలనే అణిచిపెడతాయి. అవయవ మార్పిడి జరిగినవారు, ఎక్కువకాలం స్టెరాయిడ్లు వాడేవారు, కీళ్లవాతానికో పేగుపూతకో ఇన్‌ఫ్లిక్సిమాబ్, అడాలిముమాబ్ వంటి ఇంజెక్షన్లు తీసుకునేవారు ఈ జబ్బుకు ఎక్కువగా దొరికిపోవడానికి కారణం ఆ మేల్కొలుపు దెబ్బతినడమే. అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ 2011లో ఈ తరహా ఇంజెక్షన్ల హెచ్చరికలో లెజియోనెల్లా పేరును ప్రత్యేకంగా చేర్చింది.

విరేచనాలు కూడా తప్పుదారి పట్టిస్తాయి. మైకోఫినోలేట్ వాడేవారికి విరేచనాలైతే ఆ మందు వల్లేనని సరిపెట్టుకోవడం తేలిక. కానీ న్యుమోనియాతో పాటు విరేచనాలు, మాటల్లో తికమక, రక్తంలో సోడియం 130 కంటే తగ్గడం, కాలేయ ఎంజైములు పెరగడం కలిసి కనిపిస్తే ముందు లెజియోనెల్లానే అనుమానించాలి. స్టెరాయిడ్ల మీద ఉన్నవారిలో జ్వరం అసలు లేకపోవచ్చు కూడా.

మూత్ర పరీక్ష నెగెటివ్ రావడం ల్యాబ్ పొరపాటు కాకపోవచ్చు. లెజియోనెల్లాలో అరవైకి పైగా జాతులున్నాయి. మూత్ర పరీక్ష ప్రధానంగా పట్టుకునేది వాటిలో ఒకటైన న్యూమోఫిలాలోని ఒకటో రకాన్ని మాత్రమే. ఆరోగ్యవంతుల్లో వచ్చే కేసుల్లో ఎక్కువ భాగం అదే. రోగనిరోధక శక్తి తగ్గినవారిలో లాంగ్‌బీచే, మిక్‌డేడీ, బోజ్‌మానీ వంటి ఇతర జాతులూ తగులుతుంటాయి. వాటికి మూత్ర పరీక్ష ఎందుకూ పనికిరాదు. అందుకే ఇలాంటి రోగుల్లో కళ్లె లేదా బ్రాంకోస్కోపీ ద్రవం మీద పీసీఆర్ (క్రిమి జన్యుపదార్థాన్ని పట్టే పరీక్ష), కల్చర్ (క్రిమిని పెంచి చూసే పరీక్ష) రెండూ అడగాలి. మామూలు కల్చర్ ప్లేటు మీద ఈ బ్యాక్టీరియా పెరగదు. సిస్టీన్, ఇనుము కలిపిన ప్రత్యేకమైన మాధ్యమం కావాలి, కనీసం మూడు నుంచి ఐదు రోజులు ఆగాలి. ‘కల్చర్‌లో ఏమీ రాలేదు’ అన్న రిపోర్టు చూసి, అసలు లెజియోనెల్లా కోసం పెట్టారా లేదా అని అడగకుండా ఊరుకోకూడదు. ఒకవేళ మూత్ర పరీక్షే పాజిటివ్ వచ్చి ఉంటే, తగ్గిందో లేదో తెలుసుకోవడానికి దాన్ని మళ్లీ చేయించడం దండగ. జబ్బు నయమయ్యాక కూడా అది వారాలు, నెలల తరబడి పాజిటివ్‌గానే ఉండొచ్చు.

మిగిలిన వారం మందు పూర్తిచేయండి. ఆరోగ్యవంతులకు వారం, పది రోజులు సరిపోవచ్చు గానీ, మార్పిడి జరిగినవారికి 14 నుంచి 21 రోజులు అవసరం. మధ్యలో ఆపితే తిరగబెట్టొచ్చు. లీవోఫ్లాక్సాసిన్ మామూలు మోతాదు రోజుకు 750 మిల్లీగ్రాములు. కిడ్నీ పనితీరు తగ్గితే అదే మాత్రను రోజు విడిచి రోజు ఇస్తారు. కాబట్టి మీ చీటీలో అలా రాసి ఉంటే పొరపాటనుకుని మార్చేయకండి. మార్పిడి తర్వాత చాలామంది మెగ్నీషియం మాత్రలు వేసుకుంటారు. ఎందుకంటే టాక్రోలిమస్ ఒంట్లోని మెగ్నీషియాన్ని మూత్రంలోకి పంపేస్తుంది. ఆ మెగ్నీషియం, కాల్షియం, ఐరన్ మాత్రలు, గ్యాస్‌కు తాగే యాంటాసిడ్లు లీవోఫ్లాక్సాసిన్‌ను పేగులోనే పట్టేసి రక్తంలోకి పోనివ్వవు. పొద్దున మాత్రలన్నీ గుప్పెట్లో వేసుకుని ఒకేసారి మింగే అలవాటుంటే సగం మందు వృథా అయినట్టే. కనీసం రెండు గంటల తేడా పాటించాలి. అలాగని మెగ్నీషియం మానేయడమూ మంచిది కాదు. అది తగ్గితే లీవోఫ్లాక్సాసిన్ వల్ల గుండె లయ తప్పే ప్రమాదం పెరుగుతుంది. ఒకసారి ఈసీజీ, రక్తంలో పొటాషియం, మెగ్నీషియం చూపించండి.

ఇంకోటి. స్టెరాయిడ్, లీవోఫ్లాక్సాసిన్ రెండూ కలిస్తే మడమ వెనక స్నాయువు దెబ్బతినే అవకాశం ఉంది. అక్కడ నొప్పి, వాపు మొదలైన రోజే నడక తగ్గించి డాక్టర్‌కు ఫోన్ చేయాలి. మర్దన చేయొద్దు. మధుమేహం ఉంటే చక్కెర స్థాయి అటూ ఇటూ ఊగుతుంది, తరచూ చూసుకోవాలి.

టాక్రోలిమస్ స్థాయి పరీక్ష మరిచిపోవద్దు. విరేచనాలైనప్పుడు టాక్రోలిమస్ రక్తంలో పెరిగిపోతుంది. క్లారిత్రోమైసిన్, ఎరిత్రోమైసిన్ అనే యాంటీబయాటిక్‌లు వాడితే అది ఎన్నో రెట్లు పెరిగి కిడ్నీకే చేటు చేస్తుంది. అజిత్రోమైసిన్, లీవోఫ్లాక్సాసిన్‌లతో ఆ బెడద చాలా తక్కువ. క్షయకు వాడే రిఫాంపిసిన్ దీనికి సరిగ్గా విరుద్ధం. అది టాక్రోలిమస్‌ను పడగొట్టి, పెట్టిన కిడ్నీని శరీరం తిరస్కరించే స్థితికి తెస్తుంది. లెజియోనెల్లాకు దాన్ని జోడించే పద్ధతి ఒకప్పుడు ఉండేది గానీ, మార్పిడి రోగుల్లో దానివల్ల లాభం కంటే నష్టమే ఎక్కువ. మైకోఫినోలేట్‌ను కొన్నాళ్లు తగ్గించడమా, ఆపడమా అన్నది మార్పిడి బృందం తేల్చాలి. ప్రెడ్నిసొలోన్ మాత్రం ఇన్‌ఫెక్షన్ భయంతో ఇంట్లో వాళ్లే హఠాత్తుగా ఆపేయకూడదు, రక్తపోటు పడిపోతుంది.

ఇక నీళ్లు. ఈ బ్యాక్టీరియా కడుపులోకి పోతే జబ్బు రాదు. కంటికి కనిపించనంత సన్నటి తుంపర్లతో కలిసి ఊపిరితిత్తుల్లోకి పోతేనో, మింగేటప్పుడు నీళ్లు పొలమారితేనో వస్తుంది. 20 డిగ్రీల లోపు నీటిలో నిద్రాణంగా ఉంటుంది. 25 నుంచి 45 డిగ్రీల మధ్య చక్కగా పెరుగుతుంది. 50 దాటితే పెరగదు, 60 దగ్గర నిమిషాల్లో చస్తుంది. కరెంటు ఆదా అవుతుందని గీజర్‌ను 40, 45 దగ్గర పెట్టి వదిలేస్తే దానికి కావలసిన వేడిని మనమే ఇచ్చినట్టు. నీళ్లు నిల్వ ఉండే గీజర్‌ను 60 దగ్గర పెట్టండి, చన్నీళ్లు కలుపుకున్నాకే ఒంటి మీద పోసుకోవాలి. 60 డిగ్రీల నీళ్లు క్షణాల్లో చర్మాన్ని కాలుస్తాయి, పిల్లలున్న ఇల్లు కాబట్టి మరీ జాగ్రత్త.

చికిత్స ముగిసే దాకా, ఆ తర్వాత స్టెరాయిడ్ మోతాదు ఎక్కువగా ఉన్న రోజుల్లో, షవర్ బదులు బకెట్‌లో పట్టుకుని స్నానం చేయడం మేలు. తుంపర్లు బాగా తగ్గుతాయి. షవర్ తలను మూడు నెలలకోసారి విప్పి, లోపల పేరుకున్న సున్నం, పాచి బ్రష్‌తో గీకి, వెనిగర్‌లో నానబెట్టి కడగాలి. ఆ పని మీ నాన్నగారు చేయకూడదు. వారం, అంతకు మించి వాడని కుళాయి, షవర్ ఉంటే వేడి, చల్ల రెండు వైపులా కనీసం రెండు నిమిషాలు నీళ్లు వదిలేశాకే ఆయన్ను ఆ బాత్‌రూమ్‌లోకి పంపండి. వదిలేవాళ్లు షవర్ తలకు ఒక ప్లాస్టిక్ సంచి కట్టి, కింది మూల చిన్నగా కత్తిరించి పెడితే నీళ్లు చిమ్మకుండా ధారగా కారిపోతాయి. ట్యాంకులో క్లోరిన్ బిళ్లలు వేస్తే చాలదా అని అడుగుతారు. పైపుల గోడలకు పట్టిన జిగురుపాచిలో, అందులో బతికే అమీబాల లోపల ఇది దాక్కుంటుంది. అక్కడికి క్లోరిన్ సరిగా చేరదు. ట్యాంకు అడుగున బురద తీసి, మూత బిగించడం ముందు చేయాల్సిన పని.

నెబ్యులైజర్‌లో, ఆక్సిజన్ యంత్రం తేమ సీసాలో కుళాయి నీళ్లు ఎప్పుడూ పోయకండి. స్టెరైల్ నీళ్లే పోయాలి. పాత నీటి మీద కొత్త నీళ్లు కలపకుండా రోజూ పారబోసి, కడిగి, ఆరబెట్టాలి. గదిలో పొగలా నీటి ఆవిరి చిమ్మే హ్యూమిడిఫైయర్, అలంకార ఫౌంటెన్ ఆయన దగ్గర వద్దు. స్ప్లిట్ ఏసీతో భయం లేదు, అది నీటిని చిమ్మదు. మొక్కల కుండీ మట్టి, కంపోస్టులో లాంగ్‌బీచే జాతి ఉంటుంది కాబట్టి ఆ సంచులు ఆయన చేత విప్పించొద్దు.

జబ్బు రావడానికి ముందు రెండు వారాల్లో ఆయన ఏదైనా ఆసుపత్రిలోనో, హోటల్‌లోనో ఉన్నారేమో గుర్తుచేసుకోండి. క్రిమి సోకాక లక్షణాలు సాధారణంగా 2 నుంచి 14 రోజుల్లో బయటపడతాయి, ఇలాంటి రోగుల్లో ఇంకొంచెం ఆలస్యం కావచ్చు. ఆసుపత్రిలో ఉండి ఉంటే వాళ్లకు తప్పక తెలియజేయండి, అక్కడి నీటిని పరీక్షించాల్సి వస్తుంది. బ్రాంకోస్కోపీ ద్రవం కల్చర్‌లో క్రిమి పెరిగిందా అని కూడా కనుక్కోండి. నీటిలో దొరికినదీ, ఆయనలో దొరికినదీ ఒకటేనా అని పోల్చడానికి పెరిగిన క్రిమి కావాలి, పీసీఆర్ ఒక్కటే చాలదు.

ఈ జబ్బుకు టీకా లేదు, ఒకసారి వచ్చినంత మాత్రాన మళ్లీ రాదనే భరోసా కూడా లేదు. మళ్లీ జ్వరం, ఆయాసం, తికమక కనిపించినా, ఆక్సిజన్ 94 కంటే తగ్గినా అదే రోజు ఆసుపత్రికి తీసుకెళ్లండి. అక్కడ కొత్త డాక్టర్ ఉంటే, ఇంతకుముందు లెజియోనెల్లా వచ్చిందని, అప్పుడు మూత్ర పరీక్ష నెగెటివ్ అని, టాక్రోలిమస్ వాడుతున్నారని మొదటే చెప్పండి.